మతం మారిన మెస్సీయ కోసం ఒక జీవితకాలం

హాంబర్గ్‌లో కాపురముంటున్న గ్లూకెల్ అనే యూదు ఇల్లాలికి మామగారి దగ్గర్నుంచి రెండు పెద్ద పీపాలు వచ్చాయి. వాటి నిండా నారబట్టలు. బట్టల మధ్య ఎండు బఠాణీలు, చిక్కుడు గింజలు, ఎండబెట్టిన మాంసం, ఎండు పళ్లు, ఇలా నెలల తరబడి నిలవుండే తిండి సామాను. హాంబర్గ్ రేవు పట్నం. పవిత్రభూమికి ఓడ కట్టేది అక్కడే కాబట్టి ప్రయాణపు సరంజామా ముందుగానే అక్కడికి చేర్చాలని పెద్దాయన ఆలోచన. ఆయన అప్పటికే హామెల్న్‌లో ఇల్లూ వాకిలీ, మేజా బల్లా సహా వదిలేసి హిల్డెస్‌హైమ్ వచ్చి కూర్చున్నారు. మెస్సీయ వచ్చేశాడు, యూదులందర్నీ జెరూసలేంకు పిలుస్తాడు, ఇవాళో రేపో కబురందుతుంది. ఇదీ ఆయన నమ్మకం.

పీపాలు ఏడాది దాటినా కదల్లేదు. మాంసం కుళ్లి బట్టలు కూడా పాడైపోతాయన్న భయంతో, తిండి సామాను బయటికి తీసేయమని చివరికి ఉత్తరం వచ్చింది. తీసేశారు. పీపాలు మాత్రం దాదాపు మూడేళ్లు ఆ ఇంట్లోనే ఉన్నాయి, ఏ క్షణాన పిలుపొస్తుందోనని. భర్త పోయిన దుఃఖంలో 1691లో యిడ్డిష్‌లో జ్ఞాపకాలు రాయడం మొదలుపెట్టిన గ్లూకెల్, అందులో ఈ సంగతంతా చెప్పింది.

ఆ పెద్దాయన ఎదురుచూసిన మనిషి పేరు సబ్బతై జెవి. 1665-66లో యెమెన్ నుంచి ఆమ్‌స్టర్‌డామ్ దాకా, మొరాకో నుంచి పోలండ్ దాకా యూదులు అతన్ని మెస్సీయగా కొలిచారు. 1666 సెప్టెంబరులో ఆ మెస్సీయ టర్కీ సుల్తాను కొలువులో తలపాగా చుట్టుకుని ముస్లిం అయ్యాడు. ఆ తర్వాత పెద్దలు ఈ కథను తుడిచేయడానికి చేయగలిగిందంతా చేశారు. ఊళ్ల సంఘం దస్త్రాల్లోంచి పేజీలు చింపేశారు, ఉత్తరాలు తగలబెట్టారు. పంతొమ్మిదో శతాబ్దపు చరిత్రకారులు దీన్ని ఒక మోసగాడి కథగా, మూర్ఖుల గుంపు కథగా తేల్చేశారు. ఆ చిరిగిన పేజీలను ఊరూరా వెతికి, ఏరి, అతికి, ఆ నమ్మకం లోపల ఏముందో చదివి చెప్పినవాడు గెర్షోమ్ షోలెమ్. ఇరవయ్యో శతాబ్దంలో యూదుల చరిత్ర రచనను ఆయనంతగా మార్చినవాళ్లు మరొకరు లేరని నా అభిప్రాయం.

బెర్లిన్ అచ్చాఫీసు యజమాని కొడుకు

షోలెమ్ 1897 డిసెంబరు 5న బెర్లిన్‌లో పుట్టాడు. అప్పటి పేరు గెర్హార్డ్. తండ్రి ఆర్థర్‌కు ముద్రణాలయం ఉండేది. నలుగురు అన్నదమ్ముల్లో ఇతనే చిన్నవాడు. ఇంట్లో యూదు ఆచారం నామమాత్రం. క్రిస్మస్ చెట్టు మాత్రం ఏటా పెట్టేవారు. పిల్లవాడికి యూదు జాతీయవాదం మీద మనసు పోయిందని గమనించిన తల్లి, ఒక ఏడాది ఆ క్రిస్మస్ చెట్టు కిందే జియోనిస్టు నాయకుడు థియోడర్ హెర్జెల్ పటం కానుకగా పెట్టింది! ఆ తర్వాత పండగ రోజున ఆ కుర్రాడు ఇంటిపట్టున ఉండడం మానేశాడు.

పద్నాలుగేళ్లప్పుడు అతని చేతికి హైన్రిష్ గ్రెట్జ్ రాసిన యూదుల చరిత్ర దొరికింది. పంతొమ్మిదో శతాబ్దంలో పదకొండు సంపుటాలుగా వచ్చిన మహాగ్రంథం అది. దాన్ని చదివి కుర్రాడు హీబ్రూ నేర్చుకోవడం మొదలుపెట్టాడు. గ్రెట్జ్‌కు కబాలా అంటే, అంటే యూదుల రహస్య ఆధ్యాత్మిక విద్య అంటే, ఒళ్లుమంట. వివేకానికి పేరుపడ్డ మతానికి పట్టిన చీడగా దాన్ని చూశాడు. ఏ పుస్తకం షోలెమ్‌ను చరిత్రలోకి లాగిందో, ఆ పుస్తకం తిట్టిపోసిన విషయమే ఆయన జీవితమంతా పని అయింది.

మొదటి ప్రపంచ యుద్ధం ఇంట్లో కూడా యుద్ధమే తెచ్చింది. అన్న వెర్నర్ సోషలిస్టు. సైనిక దుస్తుల్లో యుద్ధ వ్యతిరేక ప్రదర్శనకు వెళ్లి అరెస్టయ్యాడు. గెర్హార్డ్‌కూ యుద్ధం గిట్టదు, అదీగాక జియోనిస్టు. 1917 ఫిబ్రవరిలో తండ్రికి సహనం నశించింది. మార్చి 1లోగా ఇల్లు ఖాళీ చేయాలని, నూరు మార్కులిచ్చి తెగతెంపులు చేసుకుంటున్నానని కొడుక్కి ఉత్తరం రాశాడు. కొడుకు వెళ్లి ‘పాన్సియోన్ స్ట్రుక్’ అనే భోజన వసతి గృహంలో చేరాడు. అక్కడ ఉండేవాళ్లలో ఎక్కువమంది తూర్పు యూరప్ నుంచి వచ్చిన యూదులు. వాళ్లలో ఒకడు జల్మాన్ రుబాషోవ్. తర్వాతి రోజుల్లో జల్మాన్ షజార్ పేరుతో ఇజ్రాయెల్ మూడో అధ్యక్షుడైన ఆయన కూడా సబ్బతై ఉద్యమం మీద పరిశోధనలు రాశాడు.

లెక్కలు చదవాల్సినవాడు షోలెమ్. బెర్లిన్‌లో, యేనాలో గణితమూ తత్త్వశాస్త్రమూ చదివాడు కూడా. చివరికి 1922లో మ్యూనిక్ విశ్వవిద్యాలయంలో ‘బాహిర్’ అనే అతి పాత కబాలా గ్రంథాన్ని అనువదించి, వ్యాఖ్య రాసి డాక్టరేట్ తీసుకున్నాడు. అప్పటి జర్మనీలో కబాలా చదివిన పండితులు ఎంతమంది? ఈ ప్రశ్నకు జవాబు ఆయన ఆత్మకథలోనే ఉంది. గ్రెట్జ్ శిష్యుడు, కబాలా నిపుణుడిగా పేరున్న ఫిలిప్ బ్లోఖ్ అనే వృద్ధ రబ్బీని చూడ్డానికి వెళ్లాడు. గది నిండా చేతిరాత ప్రతులు, దొరకని పుస్తకాలు. ఇవన్నీ మీరు చదివారంటే ఎంత గొప్ప విషయం అన్నాడు షోలెమ్ సంబరంగా. ఈ చెత్తంతా నేను చదవాలా ఏమిటి అన్నట్టు చూశాడట ఆ పెద్దమనిషి. ఆ రంగంలో అధికారిగా చలామణీ అవుతున్న వ్యక్తే ఆ రంగం పుస్తకాలు తెరవలేదు. తాను చేయవలసిన పనేమిటో ఆ క్షణంలో తెలిసిందని షోలెమ్ రాసుకున్నాడు.

1923లో పాలస్తీనా వెళ్లిపోయాడు. జెరూసలేంలోని జాతీయ గ్రంథాలయంలో హీబ్రూ విభాగం చూసే ఉద్యోగం. 1925లో స్కోపస్ కొండ మీద హీబ్రూ విశ్వవిద్యాలయం మొదలైనప్పుడు కబాలా పాఠం చెప్పే పని దొరికింది. 1927 వేసవిలో ఇంగ్లండ్ వెళ్లి లండన్‌లో, ఆక్స్‌ఫర్డ్‌లో చేతిరాత ప్రతులు తిరగేస్తుంటే అబ్రహాం కార్దోసో రాసినవి కంటపడ్డాయి. కార్దోసో స్పెయిన్‌లో పుట్టినవాడు, బయటికి కేథలిక్కులుగా బతుకుతూ లోపల యూదులుగా మిగిలిన కుటుంబంవాడు. మెస్సీయ మతం మారిన తర్వాత కూడా అతన్ని వదలకుండా, అలా మారడమే మెస్సీయ పనిలో భాగమని వాదించిన పండితుడు. అదే వేసవి పారిస్ వెళ్లి, 1915 నుంచీ ప్రాణమిత్రుడైన వాల్టర్ బెన్యమిన్‌కు ఈ సంగతి చెప్పాడు. మోసపోయిన పామరుల గోల అనుకున్న దాని వెనక ఇంత లోతైన వేదాంతం ఉందా అన్న ఆశ్చర్యం ఆయన్ని మరో యాభై ఏళ్లు నడిపించింది.

స్మిర్నా నుంచి గాజా దాకా

సబ్బతై జెవి 1626లో స్మిర్నాలో, అంటే నేటి టర్కీలోని ఇజ్మీర్‌లో పుట్టాడు. జెరూసలేం దేవాలయం కూలిన రోజుగా యూదులు ఉపవాసముండే ఆవ్ నెల తొమ్మిదో రోజున పుట్టాడని చెబుతారు. మెస్సీయ అదే రోజున పుడతాడని పాత నమ్మకం ఒకటుంది. తండ్రి మొర్దెకై ఇంగ్లిష్ వర్తకుల దగ్గర దళారీగా బాగా సంపాదించాడు. కొడుకు చిన్న వయసులోనే శాస్త్రం చదివి పండితుడనిపించుకున్నాడు. మంచి గొంతు, చూడచక్కని రూపం. కానీ మనసు నిలకడ లేదు. కొన్నాళ్లు ముఖం వెలిగిపోతూ తానే దేవుడికి దగ్గరివాడినన్నంత ఉద్రేకం, కొన్నాళ్లు చీకట్లో కూరుకుపోయి ఎవరితోనూ మాట్లాడలేనంత దిగులు.

ఉద్రేకం వచ్చినప్పుడు చేసే పనులు పెద్దలకు మింగుడుపడేవి కావు. నోటితో పలకకూడని దైవనామాన్ని నలుగురిలో పలికాడు. స్మిర్నా నుంచి వెళ్లగొట్టారు. సలోనికాలో పెళ్లిపందిరి వేయించి ధర్మశాస్త్ర గ్రంథమైన తోరాను పెళ్లాడాడు. అక్కడి నుంచీ వెళ్లగొట్టారు. కాన్‌స్టాంటినోపుల్‌లో పెద్ద చేపకు పసిబిడ్డలా బట్టలు చుట్టి ఉయ్యాల్లో పడుకోబెట్టాడు. మీనరాశిలో ఇశ్రాయేలుకు విముక్తి అని దాని అర్థమట. దిగులు పట్టినప్పుడు తాను చేసిన వాటికి తానే కుమిలిపోయేవాడు. షోలెమ్ ఈ సాక్ష్యాలన్నీ ఒకచోట పేర్చి, ఇవాళ వైద్యులు ఉన్మాద-విషాద వ్యాధి అనే జబ్బు లక్షణాలు ఇవేనని తేల్చాడు. జబ్బు మనిషి అని చెప్పి చేతులు దులుపుకోవడానికి మాత్రం ఆయన ఒప్పుకోలేదు. అలాంటి మనుషులు ప్రతి తరంలోనూ ఉంటారు. వాళ్ల వెంట ఒక జాతి జాతంతా ఎందుకు నడిచిందన్నదే ఆయన ప్రశ్న.

1664లో కైరోలో సబ్బతై సారా అనే అమ్మాయిని పెళ్లాడాడు. 1648లో ఉక్రెయిన్, పోలండ్ ప్రాంతాల్లో ఖ్మెల్నిత్స్కీ తిరుగుబాటుదార్లు యూదులను ఊచకోత కోసినప్పుడు అనాథగా మిగిలిన పిల్ల ఆమె. మెస్సీయకే భార్యనవుతానని ఊరూరా చెప్పుకుంటూ తిరిగిందట. మరుసటి ఏడు గాజాలో ఒక కుర్ర పండితుడు మనుషుల ఆత్మలను చదివి జబ్బులు నయం చేస్తున్నాడని విని, తన మనోవ్యాధికి మందు దొరుకుతుందేమోనని సబ్బతై అక్కడికి వెళ్లాడు. ఆ కుర్రాడి పేరు నాథన్. ఇరవై దాటి ఒకటి రెండేళ్లు. నీకు జబ్బేమీ లేదు, నువ్వే మెస్సీయవి, నీ గురించి నాకు దర్శనమైంది అని నాథన్ చెప్పాడు. మొదట సబ్బతై నమ్మలేదు. కొన్ని వారాల తర్వాత, 1665 మే 31న, తానే మెస్సీయనని ప్రకటించుకున్నాడు.

ఉద్యమానికి అసలు కర్త నాథనే అంటాడు షోలెమ్. సబ్బతై రాసింది దాదాపు ఏమీ లేదు. వాదం, వ్యాఖ్యానం, ఉత్తరాలు, ప్రాయశ్చిత్త విధులు అన్నీ నాథన్ కలం నుంచి వచ్చినవే. బైబిలు చదివే తెలుగు పాఠకులకు ఇట్టే అర్థమయ్యే పోలిక ఒకటి షోలెమ్ చెప్పాడు: ఈ మెస్సీయకు బాప్తిస్మమిచ్చు యోహానూ పౌలూ ఇద్దరూ నాథన్ ఒక్కడే. ముందు నడిచి చాటిందీ అతనే, తర్వాత సిద్ధాంతం కట్టిందీ అతనే.

నాథన్ రాసిన ఒక ఉత్తరం దేశదేశాలు తిరిగింది. మెస్సీయ యుద్ధం లేకుండా, స్తుతి గీతాలతోనే సుల్తాను కిరీటం తీసుకుంటాడు. తర్వాత సంబాతియోన్ నది దాటి, తప్పిపోయిన పది గోత్రాలను సింహం మీద ఎక్కి తీసుకొస్తాడు, ఆ సింహానికి కళ్లెం ఏడు తలల పాము. ఇదీ దాని సారం. తప్పిపోయిన గోత్రాల సేనలు అరేబియాలో నడిచొస్తున్నాయన్న పుకారు అదే ఏడాది యూరప్‌లో రేగింది. క్రీస్తుకు పూర్వం ఎనిమిదో శతాబ్దంలో అస్సీరియన్లు చెరబట్టుకుపోయిన ఆ గోత్రాలు ఎక్కడో బతికే ఉన్నాయన్న నమ్మకం చాలా గట్టిది, చాలా దూరం వ్యాపించింది. గుంటూరు జిల్లా చేబ్రోలు దగ్గర కొత్తరెడ్డిపాలెంలో తెలుగు మాట్లాడుతూ, ప్రార్థనామందిరం కట్టుకుని, తాము ఎఫ్రాయిము గోత్రంవాళ్లమని చెప్పుకునే బెనే ఎఫ్రాయిము కుటుంబాలు ఇవాళ ఉన్నాయి. మెస్సీయ కన్నా ముందు ఎఫ్రాయిము వంశం నుంచి మరో మెస్సీయ వచ్చి యుద్ధంలో చనిపోతాడని యూదు సంప్రదాయం. 1666లో ఆ ఎఫ్రాయిము మెస్సీయ ఎవరన్న తగువు దగ్గరే సబ్బతై కథ మలుపు తిరిగింది. అది కాస్త ఆగి చెబుతాను.

1665 చివర్లో సబ్బతై స్మిర్నా తిరిగొచ్చాడు. డిసెంబరులో ఒక విశ్రాంతి దినాన, తనను నమ్మనివారి చేతుల్లో ఉన్న పోర్చుగీసు సమాజమందిరం తలుపులను గొడ్డలితో బద్దలుకొట్టి లోపలికి వెళ్లాడు. ధర్మశాస్త్రం చదవడానికి ఆడవాళ్లను పిలిచాడు. అది అప్పటిదాకా ఊహకైనా అందని పని. అన్నదమ్ములకూ అనుచరులకూ లోకంలోని రాజ్యాలు పంచాడు. ఒకరికి టర్కీ, ఒకరికి రోమ్. తోరా చుట్టను చేతుల్లోకి తీసుకుని ‘మెలిసెల్దా’ అనే స్పెయిన్ ప్రేమగీతం పాడాడు. ఆ సమయంలో స్మిర్నాలో ఉన్న డచ్చి పాస్టరు తోమాస్ కూనన్ ఇదంతా విని పుస్తకంగా రాశాడు. ఊళ్లో ఆడామగా పిల్లాజెల్లా పూనకాలతో ఊగుతూ మెస్సీయ కిరీటధారణ కళ్లకు కట్టిందని ప్రవచనాలు చెప్పారు.

యూరప్‌లో వ్యాపారాలు ఆగిపోయాయి. పగలు ఉపవాసం, రాత్రి ప్రార్థన. కొందరు మంచులో పొర్లారు, కొందరు కొరడాతో కొట్టుకున్నారు. ఆమ్‌స్టర్‌డామ్ అచ్చాఫీసులు నాథన్ విధించిన ప్రార్థనల పుస్తకాలు పోటీలుపడి వేశాయి. 1666లో అక్కడ అచ్చయిన ఒక ముఖపత్రం మీద సబ్బతై సింహాసనం మీద కూర్చున్న బొమ్మ కనిపిస్తుంది. అదే ఊళ్లోని కోటీశ్వరుడు అబ్రహాం పెరేరా పవిత్రభూమికి బయల్దేరాడు. లండన్‌లో శామ్యూల్ పెపిస్ తన డైరీలో, ఒక యూదుడు పది పౌన్లు ఇచ్చి, రెండేళ్లలో ఈ మనిషిని తూర్పు రాజులందరూ రాజుగా ఒప్పుకున్న పక్షంలో వంద పౌన్లు తీసుకుంటానని పందెం కాస్తున్నాడని రాసుకున్నాడు. రాయల్ సొసైటీ కార్యదర్శి ఓల్డెన్‌బర్గ్ అయితే, ఈ వార్త గురించి ఆమ్‌స్టర్‌డామ్ యూదులు ఏమంటున్నారని తత్త్వవేత్త స్పినోజాకు ఉత్తరమే రాశాడు. హాంబర్గ్‌లో ఉన్న రబ్బీ యాకోబ్ సాస్పోర్తస్ ఒక్కడూ వద్దు వద్దని మొత్తుకుంటూ ఊరూరికీ లేఖలు పంపాడు. వినేవాళ్లు దొరకలేదు.

తలపాగా

1665 డిసెంబరు 30న సబ్బతై ఓడెక్కి కాన్‌స్టాంటినోపుల్ బయల్దేరాడు. 1666 ఫిబ్రవరిలో మర్మరా సముద్రంలోనే టర్కులు పట్టుకున్నారు. ప్రధాన వజీరు కొప్రులు అహ్మద్ పాషా అతన్ని చంపించలేదు, గల్లిపోలి కోటలో పెట్టించాడు. కాపలావాళ్లకు లంచాలు ముట్టడంతో ఆ ఖైదు కొలువుకూటమైంది. పోలండ్ నుంచి, ఇటలీ నుంచి యాత్రికులు బారులు తీరారు. ఆ వేసవిలో సబ్బతై ఆవ్ నెల తొమ్మిదో తేదీ ఉపవాసాన్ని రద్దుచేసి, తన పుట్టినరోజు పండగగా జరుపుకోమని ఆజ్ఞ పంపాడు. పదహారు వందల ఏళ్లుగా ఏడుస్తూ గడిపిన రోజున విందు చేయమంటే, చాలా ఊళ్లలో నిజంగానే చేశారు.

సెప్టెంబరు మొదట్లో పోలండ్ నుంచి నెహెమ్యా కోహెన్ అనే కబాలా పండితుడు వచ్చాడు. ఎఫ్రాయిము మెస్సీయ ముందు రావాలి కదా, యుద్ధంలో చావాలి కదా, అతనేడీ అని మూడు రోజులు సబ్బతైతో వాదించాడు. సమాధానం కుదరలేదు. కోహెన్ బయటికొచ్చి టర్కుల దగ్గర ఫిర్యాదు చేశాడు. సబ్బతైని ఎడిర్నేకు, సుల్తాను నాలుగో మెహమ్మద్ కొలువుకు తీసుకెళ్లారు. చావు, లేకపోతే ఇస్లాం. సుల్తాను జాలీ చాటు నుంచి వింటున్నాడు. సెప్టెంబరు 16న సబ్బతై తలపాగా పెట్టుకున్నాడు. అజీజ్ మెహమ్మద్ ఎఫెండి అని పేరు, రాజభవనం ద్వారపాలకుల అధికారి అనే పదవి, రోజుకు 150 ఆస్పర్ల భృతి దక్కాయి.

సాధారణంగా ఇక్కడితో కథ ముగియాలి. చాలామందికి ముగిసింది కూడా. తిరిగి దుకాణాలు తెరిచారు, సిగ్గుపడ్డారు, మాట్లాడ్డం మానేశారు. కానీ గణనీయమైన సంఖ్యలో జనం వదల్లేదు. వాళ్లను నిలబెట్టింది నాథన్ వివరణే. ఆ వివరణ అర్థం కావాలంటే గలిలయలోని సఫేద్ అనే కొండ ఊళ్లో 1572లో కన్నుమూసిన ఇసాక్ లూరియా బోధ కొంచెం తెలియాలి. సృష్టికి చోటివ్వడానికి దేవుడు తనలోకి తాను ముడుచుకున్నాడు. ఆ ఖాళీలోకి ప్రసరించిన వెలుగును పాత్రలు మోయలేక పగిలిపోయాయి. వెలుగు రవ్వలు చీకటి పెంకుల్లో చిక్కుకున్నాయి. మనిషి చేసే ప్రతి సత్కర్మా ఒక రవ్వను విడిపించి పైకి పంపుతుంది. అన్నీ విడిపోయిన రోజున లోకం బాగుపడుతుంది, చెదిరిన ఇశ్రాయేలు ఇంటికి చేరుతుంది. 1492లో స్పెయిన్ నుంచి యూదులను వెళ్లగొట్టిన గాయంలోంచే ఈ బోధ పుట్టిందని షోలెమ్ వాదం. దేవుడే పరవాసంలో ఉన్నాడని చెప్పే వేదాంతం, ఇల్లు పోగొట్టుకున్న జనానికి ఎంత ఊరటనిచ్చి ఉండాలి!

నాథన్ దీనికి ఒక మెట్టు కలిపాడు. మామూలు మనుషుల సత్కర్మలకు అందని రవ్వలు అగాధంలో ఉన్నాయి. వాటిని తేవాలంటే మెస్సీయే చీకట్లోకి దిగాలి, శత్రువు వేషం వేసుకుని శత్రువు ఇంట్లోకి వెళ్లాలి. తలపాగా ఆ వేషం. సిలువ మీద చనిపోయిన మెస్సీయను నమ్మడానికి తొలి క్రైస్తవులకు ఎంత వైరుధ్యాన్ని మింగాల్సి వచ్చిందో, మతం మారిన మెస్సీయను నమ్మడానికి వీళ్లకు అంతకన్నా ఎక్కువ మింగాల్సి వచ్చింది. కార్దోసో లాంటి వాళ్ల బతుకే దీనికి సాక్ష్యం. తాతల కాలం నుంచి బయటొక మతం, లోపలొక మతం పెట్టుకుని బతికిన జనానికి, తమలాగే బతుకుతున్న మెస్సీయ దొరికాడు.

సబ్బతై పదేళ్లు అలాగే, మసీదుకీ సమాజమందిరానికీ మధ్య, ఉద్రేకానికీ దిగులుకీ మధ్య గడిపాడు. 1673లో ఆడ్రియాటిక్ తీరంలోని దుల్చీన్యోకు, అంటే ఇప్పటి మాంటెనెగ్రోలోని ఉల్చీన్‌కు ప్రవాసం పంపారు. 1676 సెప్టెంబరు 17న, యూదుల ప్రాయశ్చిత్త దినాన అక్కడే చనిపోయాడు. నాథన్ 1680లో స్కోప్యేలో పోయాడు. 1683లో సలోనికాలో రెండు మూడు వందల కుటుంబాలు మెస్సీయ దారినే ఒక్కసారిగా ఇస్లాంలోకి మారాయి. బయటికి ముస్లింలు, ఇంట్లో లదీనో భాషలో సబ్బతై మీద కీర్తనలు. దోన్మెలుగా పేరుపడ్డ ఈ సమాజం తమలో తామే పెళ్లిళ్లు చేసుకుంటూ సలోనికాలో నిలిచి, గ్రీసు-టర్కీ జనాభా మార్పిడిలో టర్కీకి చేరింది. పోలండ్‌లో యాకోబ్ ఫ్రాంక్ అనే మరో నాయకుడు 1759లో అనుచరులతో కలిసి కేథలిక్కు మతం పుచ్చుకున్నాడు. నోబెల్ గ్రహీత ఓల్గా తొకార్చుక్ పెద్ద నవల రాసింది అతని మీదే.

గాయాన్ని విప్పి చూపించినవాడు

షోలెమ్ ఈ విషయం మీద మొదటిసారి గట్టిగా గొంతెత్తింది 1937లో. పాపం ద్వారా నెరవేరే ధర్మవిధి అనే అర్థమిచ్చే శీర్షికతో హీబ్రూలో ఒక సుదీర్ఘ వ్యాసం వేశాడు. ధర్మశాస్త్రాన్ని మీరడమే ధర్మమన్న సబ్బతై వర్గంవాళ్ల వాదాన్ని వాళ్ల కాగితాల నుంచే చూపించాడు. ఆ మీరడమే పాత కట్టుబాట్లను లోపల నుంచి సడలించి, ఆధునిక యూదు జీవితానికి దారి చేసిందన్నాడు. ఈ రెండో భాగం నాకు పూర్తిగా నమ్మబుద్ధి కాదు. ఫ్రాంక్ బంధువు మోజెస్ డోబ్రుష్కా పేర్లు మార్చుకుంటూ ఫ్రెంచి విప్లవంలో చేరి 1794లో గిలటిన్ కింద తల పోగొట్టుకున్నాడన్నది నిజమే. అలాంటి ఒకరిద్దరి నుంచి ఒక యుగాన్ని లెక్కకట్టడం షోలెమ్‌కు ఎంత ఇష్టమైనా, ఆ లెక్క అంత సులువుగా తేలేది కాదు. కానీ పండితులు చెప్పడానికి సిగ్గుపడిన వాదాన్ని వెటకారం లేకుండా, వెనకేసుకు రాకుండా మొదటి నుంచి చివరి దాకా చదివిన తీరు అపూర్వం.

ఆ తర్వాతి ఏళ్లు ఆయన్ని వ్యక్తిగతంగా దెబ్బతీశాయి. 1940 జులైలో అన్న వెర్నర్‌ను నాజీలు బూఖెన్‌వాల్డ్ శిబిరంలో చంపేశారు. సెప్టెంబరులో బెన్యమిన్ ఫ్రాన్స్-స్పెయిన్ సరిహద్దులోని పోర్ట్‌బూలో ప్రాణం తీసుకున్నాడు. 1941లో వెలువడిన యూదు మార్మికవాద చరిత్ర, న్యూయార్క్‌లో చేసిన ఉపన్యాసాల గ్రంథం, బెన్యమిన్ స్మృతికే అంకితం. 1946లో నాజీలు దోచిన యూదు పుస్తకాల్లో మిగిలినవి వెతకడానికి విశ్వవిద్యాలయం ఆయన్ని యూరప్ పంపింది. జర్మనీలో ఆఫెన్‌బాఖ్ పట్నంలోని అమెరికన్ గిడ్డంగిలో లక్షల పుస్తకాలు గుట్టలుగా పడున్నాయి. చదివే మనుషులు లేరు, పుస్తకాలున్నాయి. యాకోబ్ ఫ్రాంక్ చివరి రోజుల్లో కొలువు పెట్టి, 1791లో కన్నుమూసిన ఊరూ అదే. అక్కడి నుంచి తిరిగొచ్చాక షోలెమ్ నెలల తరబడి కోలుకోలేకపోయాడు.

1957లో హీబ్రూలో రెండు సంపుటాల ‘సబ్బతై జెవి’ వచ్చింది. వెర్బ్లోవ్‌స్కీ ఇంగ్లిష్ అనువాదం 1973లో దాదాపు వెయ్యి పేజీలు తేలింది. ఇందులో షోలెమ్ ఒక్కో పాత వివరణనూ పట్టి చూస్తాడు. ఊచకోతల బాధే కారణమా? అలాగైతే పోలండ్ మిగతావాళ్ల కన్నా ముందుండాలి. కానీ ఊచకోత ఎరగని ఆమ్‌స్టర్‌డామ్, లివోర్నో, సలోనికా, మొరాకో కూడా అంతే ఊగాయి. పేదరికమా? ఆమ్‌స్టర్‌డామ్ ధనవంతులు అందరికన్నా ముందు మూటలు కట్టారు. మోసమా? మోసగాడు తన జబ్బు నయం చేయించుకోవడానికి గాజా దాకా ఎందుకు వెళ్తాడు? ఈ ఊళ్లన్నిటికీ ఉమ్మడిగా ఉన్నది సఫేద్ నుంచి పాకిన లూరియా బోధ ఒక్కటేనని, ఆ బోధ జనాన్ని విమోచన కోసం సిద్ధం చేసి పెట్టిందని ఆయన నిర్ణయం.

తిట్లూ వచ్చాయి. విమర్శకుడు బారూఖ్ కుర్జ్‌వైల్, ధర్మం తప్పినవాళ్లను పట్టుకొచ్చి యూదు చరిత్ర నడిబొడ్డున కూర్చోబెట్టాడని షోలెమ్ మీద విరుచుకుపడ్డాడు. షోలెమ్ చనిపోయిన ఆరేళ్లకు, 1988లో, మోషే ఇదెల్ పునాదినే కదిపాడు. 1665 నాటికి లూరియా బోధ పిడికెడు పండితుల మధ్యే ఉంది, సామాన్యులకు చేరనే లేదు, కాబట్టి ఉప్పెనకు అది కారణం కాలేదు అన్నాడు. ఇదెల్ వాదంలో చాలా పస ఉంది. గ్లూకెల్ మామగారి లాంటి గృహస్థు పాత్రలు పగలడం, రవ్వలు చెదరడం గురించి ఆలోచించి పీపాలు కట్టించాడని నేనూ అనుకోను. ప్రతిరోజూ ప్రార్థనలో మెస్సీయను అడిగే మనిషికి, వచ్చాడన్న ఉత్తరం చాలు. అయితే అందరూ సిగ్గుతో ఇళ్లకు వెళ్లిపోయాక కొందరు ఎందుకు వెళ్లలేదన్న ప్రశ్నకు మాత్రం షోలెమ్ జవాబును మించింది ఇప్పటికీ రాలేదు. ఉప్పెనకు లూరియా అక్కర్లేదేమో గానీ, ఆ తర్వాతి నూరేళ్లకు కావాలి.

మెస్సీయ ఆశ గురించి 1959లో రాసిన వ్యాసంలో షోలెమ్ ఆ ఆశ ఖరీదు కూడా లెక్కకట్టాడు. ఎప్పటికైనా వస్తాడన్న నమ్మకం యూదులను నిలబెట్టింది, నిజమే. అదే నమ్మకం వాళ్ల బతుకును ఎప్పుడూ రేపటికి వాయిదా వేసింది, చేతిలో ఉన్న ఏ పనినీ పూర్తిగా తమదనుకోనివ్వలేదు. జియోనిస్టుగా జెరూసలేం వెళ్లిన ఈ మనిషి 1925లో మొదలైన ‘బ్రిత్ షాలోమ్’ అనే చిన్న బృందంలో చేరి, అరబ్బులతో కలిసి ఒకే రాజ్యంలో సమానంగా బతకాలని వాదించాడు. రాజకీయంలో మెస్సీయను కలపొద్దని పదే పదే చెప్పాడు. 1980లో ఒక ఇంటర్వ్యూలో, ఆక్రమిత భూముల్లో దైవాజ్ఞ పేరుతో స్థావరాలు కట్టుకుంటున్న గుష్ ఎమునిమ్ వర్గాన్ని సూటిగా సబ్బతై అనుచరులతోనే పోల్చి, ఆ దారి వినాశనానికే అన్నాడు. సబ్బతై గురించి లోకంలో అందరికన్నా ఎక్కువ తెలిసిన మనిషి ఎనభై రెండేళ్ల వయసులో అన్న మాట అది. ఆయన దేశం దాన్ని పెద్దగా పట్టించుకోలేదు.

1982 ఫిబ్రవరి 21న జెరూసలేంలో షోలెమ్ కన్నుమూశాడు. పెద్ద పుస్తకం సబ్బతై, నాథన్‌ల మరణాల దగ్గరే ఆగిపోయింది. దోన్మెల మీద, ఫ్రాంక్ మీద అలాంటి సమగ్ర గ్రంథం ఆయన రాయలేదు. విడివిడి వ్యాసాలే మిగిల్చాడు. ఆ ఖాళీలో ఇప్పుడు తర్వాతి తరం పనిచేస్తోంది. ఒట్టోమన్ దస్త్రాలు తిరగేసి జెంగిజ్ షిష్మాన్ దోన్మెల చరిత్రను కొత్తగా రాశాడు. స్మిర్నా వర్తకుల జీవితం మీద యాకోబ్ బర్నై, పూనకాల్లో ప్రవచించిన ఆడవాళ్లూ పిల్లల మీద మాట్ గోల్డిష్ కృషి చేశారు. షోలెమ్‌ను కాదనేవాళ్లు కూడా ఆయన పోగుచేసిన ఇరవై అయిదు వేల పుస్తకాల దగ్గరికే వెళ్లాలి. ఇజ్రాయెల్ జాతీయ గ్రంథాలయంలో అవి విడిగా ఒక చదువుగదిలో ఉన్నాయి. చాలావాటి అంచుల్లో ఆయన చేతిరాతలో, సన్నని అక్షరాల్లో, ఆయన వేసుకున్న ప్రశ్నలున్నాయి.